ముల్లుకో ఆకు

ఎర్రగట్ల అడవిలో కుందేళ్ళు, ఉడుతలు, కొండముచ్చులు, అడవిపందులు, ఒంటినిండా పొలుసులుండే అలుగులు కలిసిమెలిసి బతికేవి. వాటి పిల్లలందరికీ వాగు ఒడ్డున ఒకే బడి. ఆ బడికి పెద్దపంతులు దుప్పి శరభయ్య. ఆయన కొమ్ములు ఆ అడవిలోకెల్లా పెద్దవి. ఎవరైనా చూడకుండా పోతారేమోనని ఆయన ఎప్పుడూ తల కాస్త పైకెత్తి నడిచేవాడు.

ఆ బడిలో పాఠం చెప్పని పంతులమ్మ ఒకామె ఉండేది. ఆమె ముసలి ముళ్ళపంది ఈదమ్మ. పాఠాలు అయ్యాక నల్లమద్ది చెట్టు కింద కూర్చునేది. మనసు బాగోలేని పిల్లలు ఆమె దగ్గరికి వచ్చి చెప్పుకునేవారు. వాళ్ళు చెప్పినంతసేపూ వినేది. ఆ తర్వాత ఒకటో రెండో మాటలు చెప్పేది. అంతే ఆమె ఉద్యోగం.

ఈదమ్మకు పులి అంటే భయం లేదు. మరుపంటేనే భయం. పొద్దున తిన్న దుంప ఏదో సాయంత్రానికి గుర్తుండటం లేదు. దుంప సంగతి సరే, పిల్లల మాటలు పోతే ఎలా? అందుకని ఒక పద్ధతి పెట్టుకుంది. ఏ పిల్ల వచ్చి ఏం చెప్పుకున్నా, దానికి గుర్తుగా ఒక ఆకు తన ముల్లుకు గుచ్చుకునేది. చీకటికి జడిసే ఉడుత పిల్లకు మోదుగాకు. తమ్ముడు పుట్టాక అమ్మ తనను ఎత్తుకోవడం లేదన్న కొండముచ్చు పిల్లకు రేగాకు. రోజూ పొద్దున్నే వాగు నీళ్ళలో నీడ చూసుకుంటూ, ఒక్కో ఆకునూ, ఒక్కో పిల్లనూ తలుచుకునేది. ఎండిన ఆకు తీసి అదే రకం పచ్చాకు పెట్టుకునేది.

గవ్వ అనే అలుగు పిల్లకు మాత్రం పొడుగాటి వెదురాకు.

అలుగులకు పళ్ళుండవు. నాలుక మాత్రం మూరెడు ఉంటుంది. గవ్వ పాఠం అప్పజెప్పడానికి నోరు తెరిస్తే ముందు నాలుక వచ్చేది, వెనకాల మాట వచ్చేది. తరగతంతా గొల్లుమనేది. గవ్వ బంతిలా చుట్టుకుపోయేది. ఆ చుట్ట ఈదమ్మ ముందు తప్ప ఇంకెక్కడా విప్పుకునేది కాదు.

ఒకరోజు శరభయ్య వచ్చి ఈదమ్మను పైనుంచి కిందికి చూశాడు. అడవిని ఏలే ఏనుగు దొర వచ్చే నెల బడి చూడటానికి వస్తున్నాడని చెప్పాడు. ఒంటినిండా ఆ ఎండుటాకులు ఏమిటని అడిగాడు. చెత్తబుట్టలా ఉందని కూడా అన్నాడు.

"ఇది చెత్త కాదు పంతులుగారూ. పిల్లలు," అంది ఈదమ్మ.

"దులిపేయండి."

"దులపను."

శరభయ్య అప్పటికి ఊరుకున్నాడు. ఈదమ్మ మధ్యాహ్నం కునుకు తీస్తుండగా రెండు కోతుల్ని పురమాయించాడు. అవి చెట్టెక్కి, పొడుగాటి కర్రలతో ఆకులన్నీ రాల్చి వాగులో పారేశాయి. ఈదమ్మ లేచి నీళ్ళలో చూసుకుంటే ఒళ్ళంతా ఉత్త ముళ్ళే. వాగు ఆకుల్ని ఎటో పట్టుకుపోయింది.

అంతటితో ఆగలేదు. గోరువంక మంజువాణిని ఆ ఉద్యోగంలో పెట్టాడు శరభయ్య. మంజువాణికి వంద మంచి మాటలు నోటికి వచ్చు. ఒక్క మాట తప్పదు, ఒక్క అక్షరం మరవదు. ఇక ముందు ఈదమ్మ పిల్లలతో మాట్లాడకూడదని, మాట్లాడితే బడి ఆవరణలో ఉండనివ్వనని అందరి ముందూ చెప్పాడు.

"ముసలితనంలో విశ్రాంతి తీసుకోండి. మీకెలాగూ ఏదీ గుర్తుండదు కదా," అన్నాడు.

ఈదమ్మ తల దించలేదు. "నాకు మరుపుంది, నిజమే. అయినా రేపు కూడా ఈ చెట్టు కిందే కూర్చుంటాను. తీసేయాలనుకుంటే మీరే వచ్చి ఎత్తండి. ముళ్ళు చూసుకుని ఎత్తండి," అంది.

మర్నాడు కూర్చుంది. ఆ మర్నాడూ కూర్చుంది. పిల్లలు దూరం నుంచి చూసి, పంతులుగారికి భయపడి పక్కనుంచి వెళ్ళిపోయారు. అయినా కూర్చుంది.

మంజువాణి దగ్గరికి ఉడుత పిల్ల వెళ్ళింది. "నువ్వు సాధించగలవు," అంది మంజువాణి. కొండముచ్చు పిల్లకూ అదే చెప్పింది. గవ్వ వెళ్ళి ఇంకా నోరు తెరవకముందే "తల ఎత్తుకుని నిలబడు, లోకం నీదే," అంది. గవ్వకు అది కసిరినట్టే వినిపించింది. మరుసటి రోజు గవ్వ బడికి రాలేదు.

వెతికితే వాగు గట్టులో ఉంది. గోళ్ళతో పెద్ద బొరియ తవ్వుకుని, లోపలి నుంచి మట్టితో దాని నోరు పూడ్చేసుకుంది. అలుగులకు అది అలవాటే. కానీ కొండల మీద వాన మొదలైంది. వాగులో నీళ్ళు ఎర్రబడి పైపైకి వస్తున్నాయి. ఇంకో మూరెడు లేస్తే బొరియ మునిగిపోతుంది.

బడంతా గట్టు మీదికి చేరింది. మంజువాణి బొరియ దగ్గర వాలి తనకు వచ్చిన వంద మాటలూ వరసగా చెప్పింది. అవి అయిపోయాక మళ్ళీ మొదటి నుంచి ఎత్తుకుంది. లోపల చప్పుడు లేదు. శరభయ్యకు ఓపిక నశించింది. తన కొమ్ములతో ఒక్క పోటు పొడిస్తే గట్టు పగులుతుందన్నాడు. పొడిచాడు. ఎడమ కొమ్ము గట్టులోని చెట్టు వేళ్ళ మధ్య ఇరుక్కుపోయింది. లాగితే రాలేదు. నీళ్ళు ఆయన మోకాళ్ళకు వచ్చాయి.

ఈదమ్మ బొరియ వైపు నడిచింది.

"మిమ్మల్ని మాట్లాడవద్దన్నాను," అన్నాడు శరభయ్య, ఇరుక్కున్న తలతోనే.

ఈదమ్మ ముళ్ళన్నీ ఒక్కసారి లేచి నిలుచున్నాయి. "తర్వాత గెంటేయండి. ఇప్పుడు పక్కకు తప్పుకోండి," అంది. కోతులు తప్పుకున్నాయి. మంజువాణి ఎగిరి కొమ్మ మీద కూర్చుంది. తప్పుకోలేనిది శరభయ్య ఒక్కడే.

ఈదమ్మ బురదలో చతికిలబడి బొరియకు నోరు ఆనించింది. ఆమె ఇన్నాళ్ళూ భయపడ్డదే అప్పుడు జరిగింది. ఏం మాట్లాడాలో తెలియలేదు. గవ్వ తనకేదో చెప్పుకుంది. ఏం చెప్పుకుంది? ముల్లు తడుముకుంటే ఆకు లేదు. నీళ్ళు తోకకు తగిలాయి. దాచి లాభం లేదనుకుంది.

"గవ్వా, నేనమ్మా, ఈదవ్వను. నువ్వు చెప్పింది మర్చిపోయాను. నా ఆకు పోయింది. మళ్ళీ చెప్తావా? వింటాను."

తర్వాత మట్టి కొద్దిగా కదిలింది. మట్టిలోంచి ముందు నాలుక వచ్చింది. వెనకాల మాట వచ్చింది.

"పాఠం చెప్తుంటే నాలుక బయటికి వస్తుందవ్వా. అందరూ నవ్వుతారు."

"ఊఁ."

"వాళ్ళు నవ్వితే పర్లేదు. పెద్దపంతులుగారు కూడా నవ్వారు. అది నీకు అప్పుడు చెప్పలేదు."

శరభయ్యకు తల తిప్పుకుందామంటే కొమ్ము తిరగనివ్వలేదు. మొహం అందరికీ కనబడేలాగే ఉంచాల్సి వచ్చింది.

"ఆయన నవ్వడం తప్పు. నీ నాలుకది కాదు తప్పు," అంది ఈదమ్మ, అందరికీ వినబడేలా. "ఇక బయటికి రా తల్లీ. నా తోక తడిసిపోతోంది."

గవ్వ వచ్చింది. ఒళ్ళు దులుపుకుని ఇరుక్కున్న పంతులుగారి కేసి చూసింది. ఏమీ అనకుండా ముందు కాళ్ళ గోళ్ళతో వేళ్ళ చుట్టూ మట్టి తవ్వడం మొదలుపెట్టింది. నీళ్ళు పొట్టకు తగిలేసరికి శరభయ్య తల బయటికి వచ్చింది. ఎడమ కొమ్ము సగం గట్టులోనే ఉండిపోయింది.

ఒకటిన్నర కొమ్ముతో ఒడ్డెక్కిన ఆయన్ని చూసి పిల్లలు నవ్వబోయారు. గవ్వ వాళ్ళ వైపు చూసింది. ఒక్కరూ నవ్వలేదు.

మరునాడు మంజువాణి తన వంద మాటలూ పట్టుకుని వేరే కొండకు ఎగిరిపోయింది. నల్లమద్ది కింద పిల్లలు మళ్ళీ బారు తీరారు. ఒక్కొక్కరూ తమ మాట మళ్ళీ చెప్పి, తమ ఆకు తామే తెచ్చి అవ్వ ముల్లుకు గుచ్చారు. గవ్వ వెదురాకు గుచ్చింది.

బారు చివర తల వంచుకుని శరభయ్య నిలబడ్డాడు. అలవాటు లేని పనిలా తడబడుతూ, నెమ్మదిగా, తన బాధ చాలాసేపు చెప్పుకున్నాడు. చివరికి, "ఇదంతా మీకు గుర్తుంటుందా ఈదమ్మగారూ?" అని అడిగాడు.

"ఉండకపోవచ్చు పంతులుగారూ," అంది ఈదమ్మ. "మర్చిపోయిన రోజు మళ్ళీ అడుగుతాను. మీరు మళ్ళీ చెప్పాలి."

నీతి: బాధలో ఉన్న పిల్లకు వంద మంచి మాటలు అప్పజెప్పేవాడి కన్నా, "చెప్పు, వింటాను" అని పక్కన కూర్చునేవాడే పెద్ద అండ.