ఈకలు తీసేసిన పాలరాతి బాతు

ఈ కథ అబద్ధమనే మొనగాడు ఎవడైనా ఉంటే ఇప్పుడే లేచి నిలబడాలి. లేచారా? లేవరు, నాకు తెలుసు. అయితే వినండి.

అనగా అనగా ఫ్రాన్సు దేశం. ఆ దేశంలో ఎవ్రార్ అనే ముసలి శిల్పి. అతడు సుత్తి ఎత్తితే చాలు, మూడు ఊళ్ల కోళ్లు గుడ్లు పెట్టడం మానేసేవి. అతడు ఉఫ్‌మని ఊదితే లేచే రాతిదుమ్ముకి పట్టపగలు సూర్యుడు కనపడేవాడు కాదు!

అంతటివాడికీ తన పేరున్న బొమ్మ ఒక్కటీ లేదు. దుఫూర్ అనే యజమాని శిల్పశాలలో నలభై ఏళ్లు నిలబడి పనిచేశాడు. చెక్కేది ఇతడు, అడుగున పేరు వేసుకునేది దుఫూర్. మోకాళ్లు అరిగిపోయాయి. చూపు మందగించింది.

"ఒక్క బొమ్మ నా పేరున చేసి ఉలి కింద పెట్టేస్తాను" అనుకున్నాడు ముసలివాడు. మూలన పడున్న పాలరాయి ఒకటి అడిగితే, "పట్టుకుపో, పనికిరాని రాయి" అన్నాడు దుఫూర్.

పెరట్లో తిరిగే తన పెద్దబాతు రూపాన్నే ఆ రాతిలో చెక్కసాగాడు. మొదట ఈకలన్నీ చెక్కాడు. పదివేల నాలుగు ఈకలు! బాతు వచ్చి చూసింది.

"ఎవరిది తాతా ఈ దిండు?" అంది.

అతడు నిట్టూర్చి సగం ఈకలు అరగదీశాడు. బాతు మళ్లీ వచ్చింది.

"దిండు చిరిగినట్టుంది తాతా."

 ముసలివాడు ఆకురాయి పట్టి మిగతా ఈకలూ అరగదీసేశాడు. నున్నటి మెడ, నున్నటి వీపు, అంతే మిగిలాయి. ఈసారి బాతు ఆ రాతిబాతు పక్కకి నడిచి, "కాస్త జరుగు తల్లీ, నీడలో నాకూ చోటివ్వు" అంది.

ఆ వార్త ఊరంతా పాకింది. దుఫూర్ పరుగున వచ్చాడు. "రాయి నాది. బొమ్మా నాదే!" అంటూ దాన్ని రాజుగారి కొలువుకి మోయించుకుపోయాడు. ఎవ్రార్ వెనకాలే కాళ్లీడ్చుకుంటూ వెళ్లాడు.

రాజు బొమ్మ చుట్టూ తిరిగి చూశాడు. "బాగుంది. మరి ఈకలేవయ్యా?"

"ఇంకా పెట్టలేదు ప్రభూ! వారంలో ఒక్కొక్కటీ చెక్కేస్తాను" అన్నాడు దుఫూర్.

గోడకి జారగిలబడిన ముసలివాడు నెమ్మదిగా అన్నాడు: "వద్దు ప్రభూ. అన్నీ పెట్టాను. పెట్టి తీసేశాను. తీయడానికే ఎక్కువ కాలం పట్టింది. పొట్ట కింద తడిమి చూడండి, ఆకురాయి అందనిచోట మూడు ఉండిపోయాయి."

రాజు తడిమాడు. సరిగ్గా మూడు! దుఫూర్ ముఖం సున్నం కొట్టినట్టయింది.

"బొమ్మ మీద నీ పేరే ఉంటుంది శిల్పీ. ఇంకేం కావాలో కోరుకో" అన్నాడు రాజు.

"కాసేపు కూర్చోవచ్చా ప్రభూ?" అన్నాడు ఎవ్రార్.

రాజు సింహాసనం దిగి చోటిచ్చాడు!

కాబట్టి పిల్లలూ, పని మీద పేరు ఎవడైనా వేసుకోగలడు. ఆ పని ఎలా అయిందో మాత్రం చేసినవాడే చెప్పగలడు. నమ్మకం కుదరలేదా? ఆనాడు కొలువు తలుపు దగ్గర నిలబడి అంతా చూసిన కావలివాణ్ణి అడగండి. ఇంటిపేరుతో సహా చెబుతున్నాను: గాస్పార్ లెకోర్.