పైడేరు తిప్పి పంపిన సారె

అనగనగా పైడేటి ఒడ్డున ఒకానొక రాజ్యం. దాన్ని ఏలేవాడు గజకేసరి మహారాజు. మనిషి చెడ్డవాడు కాడు పాపం, కాకపోతే డాబు జాస్తి. ఆయన తుమ్మినా ముందు బాకా ఊదాల్సిందే.

ఆ సీమలో వినాయక చవితికి జనం ఏటి మట్టితోనే స్వామిని చేసుకునేవారు. పూజలయ్యాక మళ్లీ ఏట్లోనే కలిపేవారు. తెల్లారేసరికి మట్టి మట్టిలో కలిసిపోయేది. రాజుగారి కంటికి ఇది ఆనలేదు. "మహారాజు నిలబెట్టే వినాయకుడంటే పొరుగు రాజ్యానికి కనిపించొద్దూ!" అని కిందటేడు తాటిచెట్టంత విగ్రహం చేయించాడు. సున్నం, లక్క, ఇనప మేకులు, పట్టుబట్టలు, కళ్లు జిగేల్మనే రంగులు. అంతటితో ఊరుకున్నాడా? పక్కనే స్వామికి గొడుగు పడుతున్నట్టు తన బొమ్మ కూడా పెట్టించుకున్నాడు, మీసాలతో సహా! చివరికి అన్నిటినీ ఏట్లోకి తోయించి, "పైడేరమ్మకు ఇది నా సారె!" అని మురిసిపోయాడు.

మళ్లీ చవితి దగ్గరపడింది. ఈసారి విగ్రహం రెండు తాటిచెట్ల ఎత్తుండాలని రాజుగారి ఆజ్ఞ. ఆ కబురు వినగానే ఏటి దిగువనున్న జాలరిపాలెం నుంచి నూకాలు అనే ఆమె పరుగున కొలువుకొచ్చింది.

"మహాప్రభో, తమరి కాళ్లకు దండం. కిందటేటి రంగులకే చేపలన్నీ చచ్చి తేలాయి. ఆ నీళ్లు తాగి మా పిల్లలు మంచమెక్కారు. వలేస్తే సున్నం పెళ్లలే పడుతున్నాయి. ఈ ఏడూ అలాగే చేస్తే మేం పాలెం వదిలి పోవాల్సిందే."

రాజుకు చిర్రెత్తుకొచ్చింది. "నా సారెకే వంక పెడతావా? ఇంతకాలమూ పైడేరమ్మ కిక్కురుమనలేదే! వద్దని ఆ తల్లినే చెప్పమను, మానేస్తాను. ఇందరి ఎదుట అంటున్నాను, ఇదే నా మాట."

ఏరు ఎక్కడైనా మాట్లాడుతుందా? నూకాలు కళ్లొత్తుకుంటూ బయటికి నడిచింది. ఆ వెనకే తిప్పన వచ్చాడు. కొలువులో రాజుగారిని నవ్వించడం అతని పని.

"ఊరుకో తల్లీ, ఏడవకు. వలలో పడ్డవన్నీ పారేశారా, ఉంచారా?"

"ఎక్కడ పారేస్తాం బాబూ? గట్టున గుట్టపడి ఉన్నాయి."

"ఇంకేం, బుట్టలు సర్దండి. మేళం సంగతి నేను చూసుకుంటాను," అన్నాడు తిప్పన.

మర్నాడు కొలువు కిటకిటలాడుతోంది. పొరుగు రాజ్యపు రాయబారులు కూడా వచ్చి ఉన్నారు. ఇంతలో బయట డప్పులూ సన్నాయీ వినిపించాయి. పాలెం ఆడవాళ్లు పసుపు బట్టలు కప్పిన బుట్టలు నెత్తిన పెట్టుకుని వరసగా లోపలికొచ్చారు. వాళ్ల ముందు తిప్పన, కొత్త పంచె కట్టుకుని.

"ప్రభూ, పైడేరమ్మ దగ్గర్నుంచి తమకు సారె వచ్చింది."

రాజు ఛాతీ ఇంత వెడల్పయింది. "చూశారా!" అన్నాడు రాయబారులతో. "నది సైతం నాకు కానుకలు పంపుతుంది!"

"ఇంటి పెద్దే తన చేత్తో బట్ట తీయాలి కదా ప్రభూ, అది మన పద్ధతి."

రాజు హుషారుగా సింహాసనం దిగాడు. మొదటి బుట్టలో సున్నం పెళ్లలు. రెండో బుట్టలో తుప్పు మేకులు, కుళ్లిన పట్టుబట్టలు. ఆ కంపుకు రాయబారులు ముక్కులు మూసుకున్నారు. ఆఖరి బుట్టను ఇద్దరు మోసుకొచ్చి దించారు. బట్ట లాగితే లోపల ఒక తల! ముక్కు సగం ఊడింది, నెత్తిన పాచి పట్టింది. మీసాలు మాత్రం చెక్కు చెదరలేదు.

"ఎవడ్రా వీడు? ఎక్కడో చూసినట్టుందే..." అంటూ రాజు తన మీసం తడుముకుని, ఆగిపోయాడు.

"తిప్పనా! ఏమిటీ పరాచికం?"

"నాదేముంది ప్రభూ? జనం చేసిన మట్టి స్వాములందరినీ పైడేరమ్మ ఒళ్లో కలుపుకుంది. తమరే కరగలేదు. ఏడాదిపాటు చూసి చూసి, ఇక తన వల్లకాదని పంపేసింది. ఇచ్చిన సారె తిప్పి పంపితే మన సీమలో అర్థమేమిటో తమకు తెలియంది కాదు."

తెర వెనక నుంచి రాణిగారి గొంతు వినిపించింది. "నోరు తెరిచి చెప్పాలా అండీ? వద్దనేగా!"

రాజు ముఖం కందగడ్డయింది. ఏం చేసేవాడో ఏమో గానీ, సరిగ్గా అప్పుడే సున్నపు తల చెవిలోంచి ఒక ఎండ్రకాయ తాపీగా బయటికి వచ్చి, రాజుగారి ఉత్తరీయం కొస పట్టుకుంది. రాజు దాన్ని చూశాడు. తలను చూశాడు. ఇక ఆపుకోలేకపోయాడు.

"నా తలలో ఏముందని మీరంతా చాటున గుసగుసలాడేవారు కదూ? ఎండ్రకాయ అన్నమాట!" అని పొట్ట పట్టుకుని నవ్వాడు. హమ్మయ్య అనుకుని కొలువూ నవ్వింది.

మాట తప్పే రాజు కాదు. ఆ ఏడు చవితికి అరచేతి ఎత్తు మట్టి వినాయకుడే కోటలో కొలువుదీరాడు. పాలెంవాళ్లు తెచ్చిన ఏటి మట్టిని రాజుగారే స్వయంగా పిసికారు. పిసకడానికి కూడా బాకా ఊదించారనుకోండి, అది వేరే సంగతి. ఇంకా మిగిలిన చెత్తనంతా బంట్రోతులు ఏట్లోంచి ఎత్తిపోశారు. తిప్పనకు ముత్యాల దండ దక్కింది.

మరుసటేడు వానలు వెళ్లాక నూకాలు మళ్లీ పసుపు బట్ట కప్పిన బుట్టతో కొలువుకొచ్చింది. రాజు ఉలిక్కిపడి సింహాసనం మీద వెనక్కి జరిగాడు.

"అమ్మా నూకాలూ, ఇంకా నావి ఏమైనా మిగిలాయా?"

"లేదు దొరా, ఈసారి కొర్రమీనులు," అంది నూకాలు, నవ్వుతూ బట్ట తీసి.