పన్నెండో వంతు

"ప్రతి పండక్కీ ఇదే వరస. నాలుగో వంతు ఇమ్మంటే మూడో వంతే అంటగడతావు. మేం అంత లోకువగా కనిపిస్తున్నామా మస్తానూ?" అని నిలదీశాడు సన్యాసి.

వెనకాలే గిన్నె పట్టుకుని పెళ్ళాం గవరమ్మ. ఆ వీధిలో మూడిళ్ళ వాళ్ళు కలిసి మస్తాను చేత మేకపోతును కోయించి, మాంసం పోగులేసుకుంటారు. మూడు కంటే నాలుగు పెద్దదని కనిపెట్టింది గవరమ్మే. ఇంత తెలివి తమ ఇంట్లో తప్ప ఊళ్ళో ఇంకెక్కడా లేదని మొగుడూపెళ్ళాలిద్దరికీ గట్టి నమ్మకం. పైగా ఈరోజు ఆమె అన్న పైడినాయుడు భోజనానికొస్తున్నాడు. పోయినసారి తోటకూరతో సరిపెట్టారని పుట్టింటి వీధంతా చాటిన మనిషి. ఈసారి అతని నోరు మూతపడాలి.

మస్తాను ఓపిగ్గా మాంసమంతా పన్నెండు సమానమైన పోగులు పెట్టాడు. "ఇదిగో చూడమ్మా. మూడో వంతంటే నాలుగు పోగులు. నాలుగో వంతంటే మూడు పోగులే. ఇప్పుడు చెప్పు, ఏదెక్కువ?"

గవరమ్మ మొగుణ్ణి పక్కకి లాగింది. "విన్నావా, మూడంటే నాలుగంటాడు, నాలుగంటే మూడంటాడు. వీడికి లెక్కలే రావు."

తర్వాత వేలితో పోగులు లెక్కపెట్టింది. పన్నెండు. పన్నెండో వంతనేది ఒకటుండగా మూడుకీ నాలుగుకీ కొట్టుకోవడమెందుకు? ఇంకేముంది, మాకు పన్నెండో వంతే కావాలని ఇద్దరూ భీష్మించుకున్నారు. సరే, వెయ్యి రూపాయలు సాయంత్రం ఇవ్వండన్నాడు మస్తాను. మిగతా రెండిళ్ళ వాళ్ళు పదకొండు పోగులూ సర్దుకుని చక్కాపోయారు. ఓడిపోయిన వాళ్ళు అలాగే పరిగెడతారనుకుంది గవరమ్మ.

ఇంటికొచ్చి చూస్తే ఆ పోగు గిన్నె అడుగున ఒదిగి కూర్చుంది. సన్యాసికి కాస్త అనుమానమొచ్చింది. దానికేం, వంతులు పెంచితే సరి అంది గవరమ్మ. పన్నెండో వంతే ఇంత గొప్పదైతే వందో వంతు ఎంతుండాలి? అంతే, కత్తిపీట ముందేసుకుని వంద ముక్కలు కోసింది. ఉడికేసరికి చాలా మటుకు పులుసులో కలిసిపోయాయి.

పైడినాయుడు వచ్చి విస్తరి ముందు కూర్చున్నాడు. గవరమ్మ వెతికి వెతికి వందో వంతు వడ్డించింది. సెనగబద్దంత ముక్క. అతను దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు.

"ఇంతెందుకు చెల్లీ, నాకు సగం చాలు."

సగమంటే రెండో వంతు, మరీ అంత తక్కువా అని ఆమె ప్రాణం ఉసూరుమంది. కానీ అన్న మాట కాదనలేక ఆ ముక్కని రెండు చేసి, ఒకటి వెనక్కి తీసుకుంది.

దీనికెంత కట్టారని అడిగాడు పైడినాయుడు. వెయ్యి అన్నాడు సన్యాసి. "మా ఊళ్ళో మూడో వంతుకే నాలుగు వేలు బావా. మీరు వెయ్యితో కానిచ్చేశారన్నమాట" అని చెయ్యి కడిగేసుకున్నాడు.

గవరమ్మకి తల కొట్టేసినట్టయింది. ఇక ఈ మాట కూడా పుట్టింటి వీధిలో పాకుతుంది. మొగుణ్ణి విస్తరి ముందు నుంచి లేపింది. "మూడో వంతోళ్ళే నాలుగు వేలు కడితే, పన్నెండో వంతోళ్ళం మనం అంతకంటే తక్కువ కడతామా? అన్నయ్య చూస్తుండగా కట్టిరా."

సన్యాసి బావని సాక్ష్యానికి వెంటబెట్టుకుని మరీ వెళ్ళాడు. వెయ్యి చాలని మస్తాను ఒకసారి చెప్పాడు, రెండోసారి చెప్పాడు, ఇక ఊరుకున్నాడు. సన్యాసి తలెత్తుకుని అతని చేతిలో పెట్టాడు, నాలుగు వేల ఒక్క రూపాయి.