గడప మీద మొదటి ముద్ద

అనగనగా కొండ కింద ఒక ఊళ్ళో గవరమ్మ అని ఒకావిడ ఉండేది. ఊఁ కొట్టు మరి. దబ్బకాయ ఊరగాయ పెట్టాలంటే ఆవిడే పెట్టాలి. ముక్క ఒకటి పెద్దది, ఒకటి చిన్నది తరిగితే ఎంతటివాళ్ళనైనా కత్తిపీట ముందు నుంచి లేపేసేది.

ఆ ఇంట్లో ఒక పద్ధతి ఉండేది. కలిపిన మనిషి ఉప్పు చూడకూడదు. జాడీకెత్తాక, పళ్ళెంలో మిగిలిన కారంలో వేడన్నం కలిపి మొదటి ముద్ద ఇంకొకరి చేతిలో పెట్టాలి. వాళ్ళు రుచి చూసి చెప్పాలి. ఆ ముద్ద ఎప్పుడూ తోడికోడలు సన్నాసమ్మది. పెరట్లో దబ్బచెట్టు నాటింది కూడా సన్నాసమ్మే.

ఒక ఏడు సన్నాసమ్మ ముద్ద నోట్లో పెట్టుకుని, పదిమందిలో, "ఉప్పు తగ్గిందక్కా" అనేసింది.

గవరమ్మ మొహం మాడిపోయింది. "నా చేతికే వంక పెడతావుటే? ఇంక నీకు ముద్ద లేదు, ఫో!" అంది.

ఆ ఊరగాయ బూజు పట్టింది. ఎవరూ చూడకుండా పెంటలో పారబోసింది గానీ మాట మాత్రం వెనక్కి తీసుకోలేదు. మరుసటేడు సన్నాసమ్మ గుమ్మంలో నిలబడి చెయ్యి చాచినా పెట్టలేదు. ఆ తర్వాత సన్నాసమ్మ చచ్చిపోయింది. అప్పుడు కూడా గవరమ్మ, "తప్పు దానిదే" అంది. దబ్బకాయ పెట్టడమే మానేసింది.

ఇలా ఉండగా మనవరాలు పైడికి జ్వరం వచ్చింది. జ్వరమైతే తగ్గింది, నోటి చేదు తగ్గలేదు. మెతుకు ముట్టదు. పిల్ల పుల్లలా అయిపోయింది. "దబ్బకాయ ముక్క నంజుకోడానికి పెడితే జావ తాగుతానే మామ్మా" అంది.

అప్పుడు గవరమ్మ కాయలు కోసింది. ముక్కలు ఉప్పులో ఊరేసి, ఎండబెట్టి, కారం, మెంతిపిండి, నూనె కలిపి జాడీకెత్తి, మూతికి గుడ్డ కట్టింది. ఉప్పు ఎవరికీ చూపించలేదు. మూడోనాడు తిరగగలుపుదామని గుడ్డ విప్పితే, పైన తెల్లగా బూజు. బూజు మధ్యలో నాలుగు వేళ్ళు దింపిన గుంట.

"పిల్లి" అనుకుంది. పిల్లికి మళ్ళీ గుడ్డ కట్టడం వస్తుందా, బంగారం?

ఆ తర్వాత మళ్ళీ కాయలు కోసి పెట్టింది. ఈసారి జాడీ మీద రుబ్బురాయి పొత్రం ఎత్తిపెట్టింది. మూడోనాడు పొత్రం పెట్టింది పెట్టినట్టే ఉంది. లోపల బూజు. అవే నాలుగు వేళ్ళు. గుంట మాత్రం ఇంకా లోతుగా ఉంది, అడుగున ఏదో వెతుక్కున్నట్టు.

ఊళ్ళో మరో దబ్బచెట్టు లేదు. ఉన్న చెట్టుకి ఒక్క కాయే మిగిలింది. పైడి కళ్ళు తెరవడం కూడా మానేసింది.

ఆ కాయా కోసి, ఊరేసి, ఎండబెట్టి, కారం కలిపి జాడీకెత్తింది గవరమ్మ. అది మిట్టమధ్యాహ్నం. ఎక్కడా గాలి లేదు. పెరట్లో దబ్బచెట్టు ఒక్కటే ఊగుతోంది. అప్పుడు గుమ్మం అవతల ఎండలో ఒక నీడ పడింది. మనిషి లేదు. నీడే ఉంది. చెయ్యి చాచి ఉంది.

 గవరమ్మ తలుపు వేసేద్దామని లేచింది. లోపల పైడి మూలిగింది.

అప్పుడు గవరమ్మ మళ్ళీ కూర్చుంది. పళ్ళెంలో వేడన్నం కలిపి ముద్ద చేసింది. గడప మీద పెట్టి, మొహం అటు తిప్పుకుని, "ఉప్పు చూడవే" అంది.

 అంతలో చెవి పక్కనే, నూతిలోంచి వచ్చినట్టు ఓ గొంతు. "తగ్గిందక్కా."

"నాకు తెలుసులే!" అని కసిరింది గవరమ్మ. కసురుతూనే ఇంకాస్త ఉప్పు తీసి జాడీలో వేసింది. తిరిగి చూస్తే ముద్ద లేదు. గడప మీద నాలుగు వేళ్ళ కారం మరక ఉంది.

మూడోనాడు గుడ్డ విప్పితే నూనె ఎర్రగా, తేటగా పైకి తేలింది. పైడి గ్లాసుడు జావ తాగి, ఇంకా పొయ్యమంది.

అప్పటినుంచి ఏటా మొదటి ముద్ద గడప మీదే. ఏటా అదే మాట, "తగ్గిందక్కా." "ఒక్కసారైనా సరిపోయిందని అనవేం, దొంగమొహమా!" అని తిడుతూనే ఉప్పు వేసేది గవరమ్మ. ఆ మరక మాత్రం ఎంత కడిగినా పోలేదు.

కారం జాడీకి, ముద్ద గడపకి, కథ కంచికి, కళ్ళు నిద్దరకి.