ముళ్ళపండు ధర

ఒక పక్క సముద్రం, ఒక పక్క పొగమంచు కప్పుకున్న కొండలు, నడుమ పచ్చని ఊళ్ళూ ఉన్న ఒకానొక రాజ్యాన్ని భోగేంద్రులవారు ఏలేవారు. మంచి రాజే. చేతికి ఎముక లేదు. కోపం వచ్చినా ఇట్టే పోయేది. ఉన్నదల్లా ఒక్కటే పిచ్చి. అది ధరల పిచ్చి.

తక్కిన రాజుల కొలువుల్లో పొద్దున్నే ఆశీర్వచనాలు వినిపిస్తే, ఈయనగారి కొలువులో ముందు ధరల దండోరా వినిపించేది. శరభయ్య అనే ఉద్యోగి తెల్లవారుజామునే రేవుకు పోయి, ఓడల వాళ్ళను అడిగి, ఏ దేశంలో ఏ సరుకు పెరిగిందో ఏది పడిందో తెలుసుకొచ్చి సభలో గొంతెత్తి చెప్పేవాడు. రాజుగారు కళ్ళు మూసుకుని, కచేరీ వింటున్నట్టు తల ఊపేవారు.

వినడంతో ఆగితే గొడవే లేదు. పడమటి దేశాల్లో మిరియాలు పెరిగాయని వింటే ఆ పూట అంతఃపురంలో పాయసంలోనూ మిరియాలు పడేవి. పగడాల ధర పడిపోయిందని విన్ననాడు మహారాణిగారి మెడలోంచి పగడాల దండ తీయించారు. అది ఆవిడ పుట్టింటి వాళ్ళు పెట్టింది. ఆ తరవాత రాజుగారు భోజనానికి కూర్చుంటే ఆవిడ వడ్డించి ఊరుకునేది తప్ప, కూర ఎలా ఉందని అడగడం మానేసింది.

ఇలాంటి రోజుల్లో పడమటి సముద్రాల నుంచి ఒక ఓడ వచ్చింది. దాని నాయకుడు మార్తీను దొర రాజదర్శనానికి వస్తూ ఒక గాజు జాడీ తెచ్చాడు. అందులో ఎర్రగా, చిక్కగా, చక్కెర పాకంలో ఊరిన పండు ఉంది.

"మహారాజా! దీన్ని రాస్ప్‌బెర్రీ అంటారు. నల్లగా ఉండే దీని తోబుట్టువు బ్లాక్‌బెర్రీ. మా దేశాల్లో ఏటికేడాది వీటిని అడిగేవాళ్ళు పెరుగుతున్నారు. చలి ఉన్న చోటే కాస్తాయి, కాసే రోజులు తక్కువ. కోసిన పండు రెండు రోజులు నిలవదు. చలికాలంలో ఇదిగో, ఇలాంటి జాడీ కోసం గొప్ప గొప్ప ఇళ్ళవాళ్ళు మనుషుల్ని పంపి మరీ వెతికిస్తారు," అన్నాడు దొర.

అంతే. రాజుగారి కళ్ళు దీపాల్లా వెలిగాయి. బంగారు చెంచాతో కాస్త నోట వేసుకుని, "అమృతం!" అన్నారు. జాడీ సభంతా తిరిగింది. తిన్న ప్రతివాడూ అమృతమే అన్నాడు. రాజుగారు అన్న తరవాత వేరే మాట ఎవడంటాడు?

ఆ సభలో మాచన అనే విదూషకుడు ఉన్నాడు. అతను మాత్రం తిన్నాక ఏమీ అనలేదు. నాలుకతో పంటి సందు తడుముకుంటూ కూర్చున్నాడు. అక్కడ ఒక చిన్న గింజ ఇరుక్కుంది. అలాంటి గింజ తన పంట్లో ఇదివరకు ఎప్పుడు ఇరుక్కుందో అతనికి బాగా గుర్తుంది. అతను పుట్టింది ఆ పొగమంచు కొండల్లో ఒకటైన చలికొండ కింది పల్లెలో. పసితనమంతా కొండ ముళ్ళపండ్లు తిని పెదాలు ఎర్రగా చేసుకుని తిరిగినవాడే.

ఈలోగా రాజుగారు లేచి నిలబడ్డారు. "ఈ పండు మన రాజ్యంలో పండాలి! దొరా, నువ్వు వెళ్ళి ఓడ నిండా మొక్కలు తీసుకురా. మారుగా మా మిరియాల కొట్టు నీది. వీటికి చలి కావాలన్నావుగా? మన చలికొండ ఉంది. అక్కడంతా పనికిమాలిన ముళ్ళపొదలు. వచ్చే సోమవారం వాటికి నిప్పు పెట్టించి నేల శుభ్రం చేయిస్తాం," అన్నారు.

మాచన చటుక్కున లేచాడు.

"ప్రభూ, తొందరపడకండి. ఆ ముళ్ళపొదల్లో కాసేది ఈ పండే. ఎర్రదీ ఉంది, నల్లదీ ఉంది. మన కొండవాళ్ళు తాతల నాటి నుంచీ తింటున్నారు."

సభ గొల్లుమంది. రాజుగారి ముఖం మాత్రం ఎర్రబడింది.

"కొండవాళ్ళు ఉప్పుకు మార్చుకునే ముళ్ళపండూ, దొరల ఇళ్ళలో వెతికి మరీ కొనే ఈ పండూ ఒకటేనా? శరభయ్యా! నీ దండోరాలో ముళ్ళపండు పేరు ఎన్నడైనా వచ్చిందా?"

"రాలేదు ప్రభూ."

"విన్నావా మాచనా? ధర లేనిదానికి రుచి ఎక్కడిది? సరే, నీకు అంత నమ్మకం ఉంటే సోమవారం దాకా గడువు ఇస్తున్నాను. ఈలోగా నా దండోరాలో నీ కొండపండు ఈ జాడీని మించి పలికితే, సింహాసనం దిగి, ఆ పండు కోసినవాళ్ళకు నమస్కారం పెడతాను. లేదా, చలికొండకు అంటించే మొదటి దివిటీ నీ చేత్తోనే పట్టుకోవాలి."

మాచన సభ నుంచి బయటికి నడిచాడు. సాయంత్రానికల్లా కొండ దారి పట్టాడు.

చలికొండ మీద దేవుడమ్మ అనే పెద్దావిడ ఉండేది. పండ్లు కోయడంలో కొండవాళ్ళందరికీ ఆవిడ మాటే మాట. ఆ కొండ మీద పండును లాగి తెంపరు. వేళ్ళతో అలా తాకుతారు. పండినదైతే తనంతట తనే కుచ్చుటోపీలా ఊడి అరచేతిలో పడుతుంది, నడిమి బొడిపె కొమ్మకే ఉండిపోతుంది. రానిదాన్ని బలవంతం చెయ్యరు. చిటారు కొమ్మల జోలికి పోరు, అవి పిట్టలవి. మాచన వెళ్ళేసరికి దేవుడమ్మ అలాగే కోస్తోంది.

సంగతి విని ఆవిడ బుట్ట కింద పెట్టేసింది.

"నిప్పెడతారా? మా కొండ ఆయనకేటి అపకారం సేసింది బాబూ? నా పిల్లలు ఈ పళ్ళు తినే పెరిగినారు. నా పెనిమిటిని ఈ పొదల పక్కనే కప్పెట్టినాం. ఏ దేశపు మొక్కలో ఎయ్యడానికి మమ్మల్ని కాల్సేత్తారా?"

ఆవిడ కళ్ళలో నీళ్ళు లేవు. కోపం ఉంది. మాచనకు ఆ కోపం చూసి ధైర్యం వచ్చింది.

"కాల్చరు పెద్దమ్మా, నా మాట వింటే. సోమవారం పొద్దునకి మీ ఆడవాళ్ళంతా బుట్టలతో రేవుకు రండి."

"రేవుకా? కొండ దిగీసరికి పండు నీరైపోద్ది."

"లోతు లేని బుట్టల్లో, అడుగున చల్లటి ఆకులు పరిచి, ఒక్క వరసే పేర్చండి. ఎండెక్కకముందే వచ్చేయండి. రేవులో మొదట ఆ ఓడవాళ్ళకు మనిషికో పండు ఊరికే పెట్టు. ఆ తరవాత ధర అడిగితే ఏమీ చెప్పకు."

"నానెలాగూ అరవను బాబూ. మా పండుని కొనండి కొనండని బతిమాలుకునే కరమ మాకు నేదు," అంది దేవుడమ్మ, కొంగు నడుముకు బిగించి.

సోమవారం రానే వచ్చింది. కొలువు కూటం వాకిట నూనెలో నానిన దివిటీలు వరసగా పేర్చారు. మొదటిది మాచన చేతికి ఇచ్చారు. వెలిగించకుండానే దాన్ని పట్టుకుని అతను సభలో నిలబడ్డాడు. అందరూ అతన్ని చూసి ముసిముసిగా నవ్వుతున్నారు.

అదే వేళకు రేవులో ఏం జరిగిందో చెబుతాను.

నెలల తరబడి ఎండు రొట్టెలూ ఉప్పు చేపలూ తప్ప ఎరగని ఓడవాళ్ళు, దేవుడమ్మ పెట్టిన పండు నోట్లో వేసుకున్నారు. మార్తీను దొర కూడా వేసుకున్నాడు. వేసుకున్నవాడు ఇసకలో చతికిలపడ్డాడు. "మా అవ్వ ఇంటి దడి మీద పండు!" అన్నాడు. చూస్తుండగానే ఆ పెద్దమనిషి కళ్ళు చెమర్చాయి. ఇక ఓడవాళ్ళు ఆగుతారా? ఒకడు నాణెం ఇచ్చాడు, ఒకడు మెడలో రుమాలు ఇచ్చాడు, ఇంకొకడు వెండి గుండీలు పీకి ఇచ్చాడు. దొరలు ఎగబడడం చూసి ఊళ్ళో వర్తకులు ఎగబడ్డారు. వర్తకులను చూసి వాళ్ళ పెళ్ళాలు వచ్చారు. దేవుడమ్మ నోరు విప్పలేదు. ఎవరెంత ఇస్తే అంత కొంగున కట్టుకుని, ఆకు దొన్నెలో పండ్లు పెట్టి ఇచ్చింది.

శరభయ్య గుంపును చీల్చుకుని ముందుకు పోలేకపోయాడు. అమ్మేది ఎవరో కూడా అతనికి కనిపించలేదు. కేకలు మాత్రం చెవిన వేసుకుని, ఆయాసపడుతూ సభకు పరిగెత్తుకొచ్చాడు.

"మహాప్రభో! రేవులో కొత్త పండు! పేరు తెలియదు, దేశం తెలియదు. ధర మాత్రం నేను చూస్తుండగానే పెరుగుతోంది. మార్తీను దొర స్వయంగా కొంటున్నాడు!"

రాజుగారు సింహాసనం అంచుకు వచ్చేశారు. "ఉన్నవన్నీ కొనండి! ఒక్కటీ వదలొద్దు!"

మాచన వినయంగా అడిగాడు. "అది ఏ పండో తెలియకుండానేనా ప్రభూ?"

"ధర తెలిసిందిగా! అంతకన్నా ఏం తెలియాలి?"

వంటశాల నుంచి ఒక బంటు పరుగు తీశాడు. అంతఃపురం నుంచి ఇంకొకడు, సేనాపతి ఇంటి నుంచి మరొకడు. ముగ్గురూ రాజుగారి మనుషులే. ఒకడు కొనబోతే ఇంకొకడు ఎక్కువ ఇస్తానన్నాడు, వాడి మీద మరొకడు. రేవులో జనం నోళ్ళు తెరుచుకుని చూశారు. చివరికి బుట్టలన్నీ సభకు చేరాయి, ఖజానా తేలికైంది.

రాజుగారు ఒక పండు తీసి నోట వేసుకున్నారు. ఇంకొకటి వేసుకున్నారు. తరవాత నల్లది వేసుకున్నారు. కాసేపటికి బంగారు చెంచా సంగతే మరిచిపోయి చేత్తోనే తినసాగారు.

"ఆ జాడీ దీని ముందు వట్టి చక్కెర నీళ్ళు!" అన్నారు వేళ్ళు నాక్కుంటూ. "శరభయ్యా, రాయి! ఇక మీదట మా దండోరాలో పండ్లన్నిటికీ పైన దీని పేరు చదవాలి. ఇది పండే దేశం ధన్యం. కోసిన చేతులు ధన్యం!"

"చిత్తం ప్రభూ. ఏ పేరని చదవను?"

సభవారు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. రాజుగారు మాచన వైపు చూశారు.

"అమ్మినావిడ బుట్టల వెంటే వచ్చి వాకిట్లో ఉంది ప్రభూ. పిలిచి అడగండి," అన్నాడు మాచన.

దేవుడమ్మ లోపలికి వచ్చింది. కాళ్ళకు కొండ ఎర్రమట్టి, వేళ్ళకు పండ్ల రంగు. ఆవిడ వెనకే మార్తీను దొర కూడా వచ్చాడు.

"ఏమ్మా, ఈ పండు పేరేమిటి?"

"మా చలికొండ ముళ్ళపండు బాబూ. ఇయాల మీరు కాల్సబోయేది దీన్నే."

రాజుగారు ఎర్రగా మరకపడ్డ తన అరచేతులు చూసుకున్నారు. తరవాత దొర వంక చూశారు.

దొర తల వంచి అన్నాడు. "నిజమే మహారాజా. మా దేశంలోనూ ఇది ముళ్ళ మీదే కాస్తుంది. మీ కొండ నేను ఎక్కలేదు, నాకేం తెలుసు? తెలిసి ఉంటే ఇన్ని సముద్రాలు దాటించి ముళ్ళకంపలు మోసుకొస్తానని ఒప్పుకునేవాణ్ణా?"

రాజుగారికి రోషం ఇంకా పూర్తిగా చావలేదు. "మరి ఇంత ధర ఎవరు పెంచారు? ఇందులో నీ మోసం లేదూ మాచనా?"

బుట్టలు తెచ్చిన బంట్ల నోటనే రేవు సంగతంతా విన్న మాచన నవ్వు దాచుకోలేదు.

"ఆవిడ ధరే చెప్పలేదు ప్రభూ. మొదట ఓడవాళ్ళు ఇల్లు గుర్తొచ్చి కొన్నారు, తరవాత వర్తకులు వాళ్ళను చూసి కొన్నారు. చివర్లో కొండంత పెంచింది తమ బంట్లే, తమ మీద తామే పోటీ పడి! నేను అబద్ధమాడింది లేదు. తమరు పేరు అడగలేదు, ఊరు అడగలేదు. ధర ఒక్కటే విన్నారు. ఏడు సముద్రాల అవతలి సంత తమకు దగ్గరే ప్రభూ. కోట బురుజు ఎక్కితే కనిపించే మన కొండే దూరమైపోయింది."

ఆ మాట రాజుగారికి తగలవలసిన చోటే తగిలింది. ఆయన పెదవి అదిరింది. ఆ పైన పకపకా నవ్వడం మొదలుపెట్టారు. నవ్వీ నవ్వీ కళ్ళు తుడుచుకుని, సింహాసనం మెట్లు దిగి వచ్చి దేవుడమ్మకు రెండు చేతులూ జోడించారు.

"తల్లీ, మా ఇంటి పంటను మేమే కాల్చుకోబోయాం. ఏం కావాలో కోరుకో."

దేవుడమ్మ కొంగున కట్టుకున్నదంతా విప్పి రాజుగారి ముందు పెట్టింది.

"ఇయన్నీ మాకెందుకు బాబూ? మాకు ఉప్పు సాలు. మా కొండని మాకు ఒగ్గెయ్యండి. పండు కావాలంటే మాలాగ తాకి కోసుకోండి, ఎవలొద్దన్నారు?"

సభలో అంత సేపూ నవ్వినవాళ్ళు అప్పుడు తలలు దించుకున్నారు. రాజుగారు ఆ కొంగు డబ్బు ఆవిడకే తిరిగి కట్టించి, ఏటేటా కొండకు ఓడెడు ఉప్పు పంపాలనీ, చలికొండ మీద కొండవాళ్ళ మాటే చెల్లాలనీ ఆజ్ఞ ఇచ్చారు. తన మెడలోని ముత్యాల హారం తీసి మాచన మెడలో వేశారు. మహారాణిగారి పగడాల దండ కూడా ఆ సాయంత్రమే వెనక్కి వెళ్ళిందట. ఆ రాత్రి ఆవిడ కూర ఎలా ఉందని అడిగిందట.

"దొరా! నీ మొక్కలు మాకొద్దు, మా మిరియాలు నీకొద్దు. ఖాళీ జాడీలు ఎన్ని ఉన్నాయి నీ దగ్గర?" అన్నారు రాజుగారు.

"ఓడ నిండా ఉన్నాయి మహారాజా!"

"అయితే చలికొండ పండు బెల్లం పాకంలో ఊరి మీ దేశం వస్తుంది. మీ రాజులు వాళ్ళ దండోరాల్లో మా కొండ పేరు పలకడం నేర్చుకోవాలి!"

ఆ మాటతో సభంతా లేచి నిలబడింది. మాచన మాత్రం చేతిలోని దివిటీని పైకెత్తాడు.

"మరి దీన్నేం చేయమంటారు ప్రభూ? మొదటి దివిటీ నేనే అంటించాలన్నారు."

"అంటించు!" అన్నారు రాజుగారు నవ్వుతూ. అలా నవ్వినప్పుడు ఆయన ముందు పళ్ళ సందులో ఒక చిన్న గింజ సభవారందరికీ కనిపించింది. "పాకం పొయ్యికి అంటించు!"

కొండను కాల్చాలని నూనెలో నానబెట్టిన ఆ దివిటీతోనే మాచన వంటశాల పొయ్యి వెలిగించాడు. దేవుడమ్మ పక్కన నిలబడి, పండు చితక్కుండా పాకంలో ఎలా వెయ్యాలో రాజుగారి వంటవాళ్ళకు నేర్పింది.