ఏ ఫోనులోనూ లేని కథ

అనగనగా ఒక ఊళ్ళో, అప్పడాలు ఒత్తేవాళ్ళ వీధిలో, వరహాలమ్మ అని ఓ పెద్దావిడ ఉండేదిరా బుజ్జీ. చెయ్యి ఆగినా ఆవిడ నోరు ఆగేది కాదు. వీధి మొత్తానికీ ఒకటే టీవీ ఉన్న రోజుల్లో, ఎవరికైనా సీరియల్ తప్పిపోతే, మర్నాడు అప్పడాలు ఒత్తుతూ ఈవిడే చెప్పేది. ఏడుపులూ, అత్తగారి దెప్పుళ్ళూ, అన్నీ గొంతు మార్చి మరీ! ఆ కాసేపూ ఆవిడే మహారాణి.

ఆ తర్వాత ఇంటింటికీ ఫోన్లొచ్చాయి. ఎవరి సీరియల్ వాళ్ళ చేతిలోనే, ఎప్పుడు కావాలంటే అప్పుడే. ఇంక వరహాలమ్మని అడిగేదెవరు? పాపం, ఆవిడకి చూపు ఆనదు, ఫోనులో మనుషులు చీమల్లా కనిపించేవారు. మనసు చివుక్కుమంది. అయినా "అందులో అంత ఏముందో!" అని ఒకటే ఆరాటం.

ఒకరోజు అప్పడాల దగ్గర ఉండబట్టలేక, "ఏమే నూకరత్నం, నీ సీరియల్లో కోడలుపిల్ల ఏమైందే?" అని అడిగింది.

నూకరత్నం నోరు తెరిచిందో లేదో, "అమ్మో, చెప్పకు! నేనింకా అక్కడిదాకా చూళ్ళేదు!" అని పక్కనే అప్పడాలు ఒత్తుతున్న భవాని తన చెవులు మూసుకుంది. చెవుల నిండా మినప్పిండే! అప్పుడు భవాని తను చూసింది మొదలెడితే, ఎదురుగా కూర్చున్న కనకం "చెప్పకు!" అని అరిచింది. కనకం ఎత్తుకుంటే నూకరత్నం అరిచింది. ఆఖరికి ముగ్గురూ మూతులు ముడుచుకుని కూర్చున్నారు. నలుగురు ఆడవాళ్ళున్న చోట ఒక్క మాట లేదు, విడ్డూరం కాదూ?

ఆ సాయంత్రం వరహాలమ్మ ఒక్కొక్కరింటికీ వెళ్ళి, "నేనేమీ చూళ్ళేదే, నాకు చెప్పు" అంది. నూకరత్నం కోడలుపిల్ల కథ చెప్పింది. భవాని దొంగల కథ చెప్పింది. కనకం కొరియా రాకుమారుడి కథ సగమే చెప్పింది, చూస్తూ చూస్తూ నిద్రపోయిందట.

మర్నాడు వరహాలమ్మ గొంతు సవరించుకుంది. "పుట్టింటికి బయల్దేరిన కోడలుపిల్లని దొంగలు అడ్డగించారర్రా. ఆ దొంగల్లో ఒకడెవరనుకున్నారు? కొరియా రాకుమారుడు!"

"ఇదెక్కడొస్తోంది పిన్నీ?" అంది కనకం.

"ఎక్కడా రావట్లేదు. ఎవరూ చూళ్ళేదు."

ఈసారి "చెప్పకు" అన్నవాళ్ళు లేరు. అప్పడాల కర్రలు ఆగిపోయాయి. "అప్పుడేమైంది?" అన్నారు ముగ్గురూ.

వరహాలమ్మకి ప్రాణం లేచొచ్చింది. "ఏమోనే, నాకూ తెలీదు. చెబుతూ ఉంటే అదే తెలుస్తుంది, వినండి" అంది.

కథ కదిలింది కంచికి,
మనం మళ్ళాం ఇంటికి,
నిద్ర వాలింది నా బుజ్జి కంటికి!