రంగేసినట్టు తెలియకూడదు

సత్యవేణికి ఇరవై రెండేళ్లు. కొత్తవాళ్లెవరైనా ఎదురైతే మొహం కన్నా ముందు గోళ్లు చూస్తుంది.

భీమవరంలో ఖమరున్నీసా పార్లర్లో ఎనిమిది నెలలుగా పని నేర్చుకుంటోంది. గోటి మీద నెమలిని దింపగలదు. చోటుంటే పక్కన వేణువునూ దింపుతుంది. అయినా ఖమర్ మేడం ఆమెకి సొంతంగా ఒక కుర్చీ అప్పజెప్పడం లేదు. అడిగితే "చూద్దాంలే" అంటుంది. ఈ క్రిస్మస్‌కి ఆ కుర్చీ సంపాదించి తీరాలని సత్యవేణి పంతం.

పండగ రెండు రోజులుందనగా సంతోషమ్మ వచ్చింది. రొయ్యల ఫ్యాక్టరీలో రొయ్యలు ఒలిచే మనిషి. వాళ్ల చర్చిలో క్రిస్మస్ ఆరాధనకి వాక్యం చదివే వంతు మొట్టమొదటిసారి ఒక ఆడదానికి వచ్చింది. ఆ ఆడది తనే.

"అందరి ముందూ బైబిలు పట్టుకోవాలమ్మా. చేతులు ముచ్చటగా ఉండాలి. రంగేసుకొచ్చిందని మాత్రం మా సంఘపెద్దలు గొణగకూడదు."

"ఫ్రెంచ్ మానిక్యూర్ చెయ్యవే. లేత గులాబీ, చివర సన్నటి తెల్ల గీత, అంతే. వేసినట్టు తెలియకూడదు" అంది మేడం.

అరగంటలో సంతోషమ్మ గోళ్ల చివర్లకి సున్నం కొట్టినట్టు తెల్లటి పట్టీలు పడ్డాయి. భీమవరంలో ఎన్నడూ కురవని మంచు ఆవిడ ఉంగరం వేళ్ల మీద మెరుపులతో సహా కురిసింది.

"బాగుందమ్మా" అంది సంతోషమ్మ, రెండు చేతులూ చెంగు కింద దాచుకుంటూ.

మేడం ఆ చెంగు వంక చూసింది. "చెరిపెయ్."

సత్యవేణికి ఒళ్లు మండింది. "వేసినట్టే తెలియకపోతే ఇక నేను చేసిన పనేంటి మేడం? సబ్బుతో కడిగి పంపేద్దాం!"

మేడం నవ్వి, తన చేతులు రెండూ బల్ల మీద పెట్టింది.

"ఎనిమిది నెలలుగా చూస్తున్నావుగా. వీటికి ఏం రంగు?"

"మీకసలు రంగు అలవాటే లేదుగా."

మేడం దూది రిమూవర్లో ముంచి కుడి బొటనవేలి గోరు తుడిచింది. దూదికి లేత గులాబీ అంటుకుంది, పాలమీగడ లాంటి తెలుపు అంటుకుంది. కింద గోరు పచ్చబడి, నడిమధ్య నిలువునా చీలి ఉంది.

"అయ్యో, ఇదెప్పుడు?"

"నీ వయసులో. కుట్టుమిషన్ సూది దిగింది."

సంతోషమ్మ వంగి చూసి, "ఇంతసేపూ ఎదురుగానే కూర్చున్నాను, నాకేం కనపడలేదేంటమ్మా!" అని పకపకా నవ్వింది. నవ్వులో చేతులు చెంగులోంచి బయటికొచ్చాయి.

సత్యవేణి రిమూవర్ సీసా దగ్గరికి లాక్కుంది. రొయ్య పెంకులకి ఒక్కో గోరు ఒక్కోలా అరిగింది. ఏ గోటి వంపు ఆ గోటిదే. ఆ వంపు వెంటే వెంట్రుకంత గీత పోనిచ్చింది. గంట పట్టింది.

సంతోషమ్మ చేతులు వెలుతురులోకి ఎత్తి అటూ ఇటూ తిప్పింది.

"నా చేతులే!" అంది.

"ఎవరన్నా గొణిగితే, ముందు వాళ్ల గోళ్లు చూపించమను" అంది మేడం.

సంతోషమ్మ వెళ్లాక, మేడం కిటికీ పక్క కుర్చీని కాలితో సత్యవేణి వైపు నెట్టింది. "ఊఁ, తర్వాతి వాళ్లని పిలు."

మార్చిలో సత్యవేణి ఎదురు వరసలోనే సొంత పార్లర్ తెరిచి, మేడం కస్టమర్లలో సగంమందిని పట్టుకుపోయింది.